చెల్లోకు లగేజీ డబ్బాయే నయం

శుక్రవారం మగ్గాలకు సెలవు. అందుకే ఉదయం ఏడింటికి భివండిలో మా నార్పోలి నుంచి బయలుదేరేటప్పుడు దానేలు మామ నాకు తోడు దొరికాడు. ఆయన మా అమ్మకు తమ్ముడు, ముప్పై ఏళ్లుగా పవర్‌లూమ్ పనివాడు. ఎవరు మాట్లాడినా వాళ్ల నోటివంకే చూస్తాడు. మగ్గాలవాళ్ల అలవాటు అనుకునేదాన్ని.

నా చెల్లోను ఆయనే భుజానికెత్తుకున్నాడు. వయొలిన్‌కు పెద్దక్క ఇది, మోకాళ్ల మధ్య నిలబెట్టి కమానుతో వాయించాలి. చర్చివాళ్లు ఇప్పించిన దీనిమీద ఎనిమిదేళ్లు పాశ్చాత్య శాస్త్రీయ సంగీతం నేర్చుకుని, ఇప్పుడు ముంబైలో, దాదర్‌లో ఒక రాక్ బ్యాండు వెంటపడ్డాను. కిందటి వారం డ్రమ్ముల హోరులో నా వాయింపు ఒక్క ముక్క వినిపించలేదు. ఇవాళా అంతే అయితే చెల్లో వద్దని తేల్చేశారు. భయంగానే ఉన్నా నా కాళ్లు నేలమీద నిలవడం లేదు.

అంజూర్ ఫాటాలో థానే బస్సు కండక్టర్ అడ్డుపడ్డాడు. "బీమ్ లోపలికి తేవద్దు!" మగ్గానికెక్కించే నూలు దూలం అనుకున్నాడు పాపం. "బీమ్ కాదు భయ్యా, బాజా" అని మామ నచ్చజెప్పి దానికీ ఒక టికెట్టు కొన్నాడు. ఎనిమిదిన్నరకు థానే స్టేషన్లో దిగి వడాపావ్ తిన్నాం. చెల్లోతో లోకల్ రైలు ఎక్కేవారు మామూలు పెట్టె జోలికి పోకండి. చేపల బుట్టలెక్కే లగేజీ డబ్బాయే నయం.

పదింటికి దాదర్‌లో పాట మొదలైంది. బలమంతా పెట్టి కమాను లాగాను. గిటారు వాయించే నాయకుడు తల అడ్డంగా ఊపాడు. నాకు ఏడుపొచ్చేసింది. గోడవారన కూర్చున్న మామ లేచి వచ్చాడు.

"డ్రమ్ము మీద కర్ర పడ్డప్పుడే నీ కమాను గూడ పడ్తంది. గదేంది బిడ్డా? షెడ్డుల మేమెట్ల మాట్లాడుకుంటం? మగ్గం కొట్టినంక, మల్ల కొట్టేలోపు ఒక్క మాట. గట్ల వాయించు."

మేష్టారు నేర్పిన దీర్ఘ స్వరాలన్నీ పక్కన పెట్టాను. దెబ్బకూ దెబ్బకూ నడుమ పొట్టిగా, కోసినట్టు వాయించాను. వినిపించింది! డ్రమ్ములబ్బాయి కేక వేశాడు. అదే పాట నాలుగుసార్లు వాయించాం. పుణె కచేరీకి నాయకుడు నా పేరు రాసుకున్నాడు.

ఒంటిగంటకు కల్యాణ్ లోకల్ లగేజీ డబ్బాలో, ఖాళీ బుట్టల మధ్య కూర్చున్నాం. సంతోషంతో నా నోరు ఆగలేదు.

"నిజం చెప్పు మామా, నా వాయింపు ఎట్లుంది?"

మామ నవ్వాడు. "ఏమో బిడ్డా. మగ్గాలల్ల నా చెవులు ఎప్పుడో పోయినయి. నీ చేతులు, గా డ్రమ్ముల పోరని చేతులు చూసిన. గంతే."

పెట్టె తెరిచి చెల్లో బయటికి తీశాను. చేపలమ్మే అక్కలు బుట్టలు జరిపి చోటిచ్చారు. మామ అరచేతిని చెల్లో చెక్కకు ఆనించి, పొద్దున పక్కన పెట్టిన దీర్ఘ స్వరం ఒకటి లాగాను.

మామ కళ్లు పెద్దవయ్యాయి. "వస్తంది బిడ్డా! చేతిలకు వస్తంది. ఆపకు."

థానే వచ్చింది. మేం దిగలేదు. కల్యాణ్ నుంచి కూడా భివండికి బస్సులున్నాయి.