సగంలో చుట్టించిన పటం

కథ సగంలో ఉండగా పటం చుట్టించాం. చుట్టమన్నది హైదరాబాదు నుంచి వచ్చిన డాక్యుమెంటరీ దర్శకుడు. పక్కనే నిలబడి నోరు మెదపనిది నేను.

పటమంటే బొమ్మలు గీసిన పొడుగాటి గుడ్డ. ఒక కులం పుట్టుక కథంతా దాని మీద ఉంటుంది. కథకులు ఆ కులం వాళ్ల వాకిట్లో దాన్ని కట్టి, ఒక్కో బొమ్మనూ చూపుతూ పాడతారు. ఒకసారి విప్పితే మంగళం పాడేదాకా చుట్టకూడదు. చుడితే కథ చెప్పినవాడి ఇంటికి కీడని నమ్మకం. ఈ సంగతి జనగామలో కారెక్కిన నాడే దర్శకుడికి చెప్పాను. నా బడి ఐదో తరగతితో ఆగింది. తర్వాత చదివిందంతా నా అంతట నేనే. ఊళ్ల చరిత్ర తెలిసినవాణ్నని వెంటబెట్టుకున్నాడు. మానుకోట చర్చి దగ్గరా, గుడుల దగ్గరా వారసత్వం, వారసత్వం అని అతనిది ఒకటే మాట.

చిట్యాల దగ్గరి ఊళ్లో మా కులం పటం కట్టించాను. వీళ్లు చివరిదాకా కూర్చుంటారా అని కథకుడు ముందే అడిగాడు. పూచీ నాది అన్నాను. నా మాట మీదే ముడి విప్పాడు.

కథలో వీరుడు తల్లి దగ్గర సెలవు తీసుకుంటున్నాడు. పొద్దు వాలకముందే భూపాలపల్లి బొగ్గు గనులు కెమెరాలో తీయాలని దర్శకుడికి తొందర. "చాలు పెద్దాయనా, మాకు కావలసింది వచ్చేసింది. చుట్టెయ్యండి," అన్నాడు. కెమెరా వాళ్లే కింది కొస పట్టుకుని చుట్టడం మొదలుపెట్టారు. కథకుడు వాళ్లను చూడలేదు, నన్ను చూశాడు. తాళాలు వాయిస్తున్న అతని భార్య చేతులు ఆగిపోయాయి. నేను పోయి కారెక్కాను. నోరున్న ముసలోడని నాకు పేరు!

తర్వాత ఫోన్ చేస్తే కథకుడు ఎత్తలేదు. ఆ ఇంట్లో ఎవరికి జ్వరమొచ్చిందని విన్నా నాకు అన్నం సహించేది కాదు. ఒక్కరోజు వచ్చి మిగతా కథ విని పొమ్మని దర్శకుణ్ని అడిగాను. ఎడిటింగ్ అయిపోయింది కదా, ఇంకెందుకన్నాడు. తిట్టాను. ఫోన్లో తిట్టడం ఎంతసేపు?

చివరికి బస్సెక్కి కథకుడి ఇంటికే వెళ్లాను. మళ్లీ కట్టు, మంగళం దాకా కదలకుండా కూర్చుంటానన్నాను. నీళ్లిచ్చాడు. గొంతు పెంచకుండా అన్నాడు:

"కథ గా దినమే ముగించినమన్నా. మీ కార్లు పోయినంక మళ్ల విప్పి మంగళం దాక చెప్పినం. మా ఇంటిది ఒక్కతే కూసొని ఇన్నది. నీ తాతల కథ గది. నువ్వే లేకపోతివి."