బూట్లు విప్పిన భక్తి

మా ఆవిడ ఆస్ట్రేలియాలోని టూవూంబాలో నర్సింగ్ చదివే రోజులవి. నన్ను మాత్రం బడి పదో తరగతికి ముందే వదిలించుకుంది. సెలవుల్లో ఇద్దరం ఎడారి టూరుకెళ్లాం.

"ఈ గుట్ట మాకు పవిత్రం" అన్నాడు గైడు, అక్కడి ఆదివాసీ పెద్దాయన. వెంటనే బస్సులోనే బూట్లు విప్పేసి, ఎర్ర ఇసుకలో భక్తిగా బయల్దేరాను. సగం దారిలో అరికాళ్లు అట్లలా కాలాయి. పరుగున గుట్ట నీడలో పడ్డాను. చుట్టూ నిప్పులాంటి ఇసుక, ఇక కదల్లేను.

"ఏవండీ, బస్ లీవ్ అవుతోంది!" అంది బస్సు దగ్గర్నుంచి మా ఆవిడ.

"నువ్వెళ్లి కోర్సు పూర్తిచేసుకురా, నేనిక్కడే ఉంటా!" అని ఏడుపుగొంతుతో అరిచాను.

చివరికి ఆ పెద్దాయనే బూట్లు తెచ్చి నా కాళ్ల దగ్గర పెట్టాడు. "మేమూ బూట్లతోనే వస్తాం మేట్" అని నవ్వాడు.

గౌరవించబోయి, ఆయనతోనే నా బూట్లు మోయించాను. బొబ్బలు వారంలో మానాయి. సిగ్గే ఇంకా మానలేదు.