తీయొచ్చా అవ్వా?

మా ఊళ్లో ఆయన్ను ఇప్పటికీ ‘అవ్వ పింఛను పోగొట్టినోడు’ అంటారు. అది నిజం కాదు.

పింఛన్ల మీద బతికేవాళ్ల గురించి సినిమా తీయడానికి ఆయన కడప నుంచి పత్తికొండ దగ్గరి మా ఊరికి వచ్చాడు. నేల మీద కూర్చుని, కెమెరా ఒళ్లో పెట్టుకుని, ప్రతిసారీ "తీయొచ్చా అవ్వా?" అని అడిగేవాడు. మా పక్క గుడిసెలో ఉండే అవ్వ తలూపితేనే తీసేవాడు.

"గుడిసెలో తీస్తే ఊరి పరువేం గావాల?" అని మా అమ్మది పట్టుచీర తెచ్చి అవ్వకు కట్టించి, మా మిద్దె ముందర కూర్చోబెట్టింది నేను.

"వద్దప్పా, ఆమె ఇంట్లోనే తీస్తా," అన్నాడాయన.

"ఒక్కసారి పట్టుచీరలో తీయి నాయనా," అని అవ్వ ముచ్చటపడింది. ఆయన కాదనలేకపోయాడు.

ఆ బొమ్మ ఫోన్లలో తిరిగింది. మిద్దె, పట్టుచీర ఉన్నామెకు పింఛనెందుకని ఎవరో అర్జీ పెట్టారు. పింఛను ఆగింది.

ఆయన మళ్లీ వచ్చి అవ్వను ఆఫీసుకు తీసుకుపోయాడు. నేనూ వెంట వెళ్లాను.

"ఆ మిద్దె ఎవరిదప్పా?" అని అడిగాడు అధికారి.

నేను తల వంచుకున్నాను. ఆయన నావైపు చూడలేదు.

"ఆమెది కాదు సార్. ఆడ కూర్చోబెట్టింది నేనే," అన్నాడు.

పింఛను మళ్లీ రాకముందే అవ్వ పోయింది. ఆయన వచ్చి శవం పక్కన నేల మీద కూర్చుని, "తీయొచ్చా అవ్వా?" అన్నాడు. కాసేపు ఎదురుచూసి, కెమెరా సంచిలో పెట్టేశాడు.