ఒరిక్స్ పిల్లకి పాలు పట్టిన రోజు

మా ఇంట్లో పాండా అంటే నేనే. ఏళ్ల తరబడి నైట్ డ్యూటీలు చేసి చేసి కళ్ల కింద పడ్డ నల్లటి వలయాలు చూసి మా ఆయన పెట్టిన పేరది. మొదట్లో ఉడుక్కునేదాన్ని. అసలు పాండా ఎలా ఉంటుందో చూద్దామని ఫోన్లో వీడియోలు తెరిచాక, ఆ జంతువు మీద నాకే మనసు పడిపోయింది. వెదురు నములుతూ నములుతూ వెనక్కి పడిపోతుంది. లేచి, ఏమీ జరగనట్టు మళ్లీ నములుతుంది. ఒక వీడియోలో, చైనాలో ఏదో సంరక్షణ కేంద్రంలో, నా ఈడు ఆవిడ నీలం చొక్కా వేసుకుని పాండాకి క్యారెట్ అందిస్తోంది. ఒక్కరోజు కాపరి పనట, అడిగితే ఎవరికైనా ఇస్తారట. అది చూసిన రోజు నుంచి నాకు వేరే ధ్యాస లేకుండా పోయింది.

నేను మస్కట్‌లో ఒక ఆసుపత్రిలో నర్సుని, పసిపిల్లల వార్డులో పని. నెలలు నిండకుండా పుట్టి పాలు తాగడం చేతకాని పిల్లలకి తాగడం నేర్పిస్తాను. ఆ పనిలో నాకు పేరుంది. నా గురించి నేనే చెప్పుకోవడం బాగోదు గానీ, ఉంది.

చైనా వెళ్లి వచ్చేంత సెలవు నాకు దొరకలేదు. ఖతర్‌లో పాండాలున్నాయని విని, నిరుడు ఈద్ సెలవులకి మా ఆయన్ని బయల్దేరదీశాను. విమానం దిగి, టాక్సీ పట్టుకుని, ఎండలో క్యూ కట్టి లోపలికి వెళితే, చల్లటి పెద్ద గది, దానికో గాజు గోడ, ఆ గోడ అవతల మాకు వీపు పెట్టి పడుకున్న పాండా. గంటన్నర నిలబడ్డాను. ఒక్కసారి కాలు కదిపింది.

"చూశారా, కదిలింది" అన్నాను.

"నైట్ డ్యూటీ దిగొచ్చాక నువ్వూ అంతే కదులుతావు. దీనికోసం టికెట్టెందుకే" అన్నారు మా ఆయన.

అంతలో వెనక తలుపు తెరుచుకుని కాపరి వచ్చాడు, చంకలో వెదురు కట్టతో. మా గోలకి చెవి కూడా ఆడించని ఆ పాండా అతని అడుగుల చప్పుడుకి లేచి కూర్చుంది. కడుపు మండిపోయింది నాకు. నిలబడితే గాజుకి అటువైపు నిలబడాలి గానీ ఇటు కాదని అక్కడే తేల్చుకున్నాను.

తిరిగొచ్చాక తెలిసింది, ఒమన్‌లోనే ఒక ఎడారి జంతువుల సంరక్షణ కేంద్రం వాలంటీర్లని ఒక్కరోజు కాపరులుగా తీసుకుంటుందని. అక్కడుండేవి పాండాలు కావు, ఒరిక్స్‌లు. తెల్లటి ఒళ్లు, నల్లటి కాళ్లు, తల మీద మూర పొడవు కొమ్ములుండే ఎడారి జింకలు. ఒకప్పుడు ఈ ఎడారిలో ఒక్కటి కూడా మిగలకుండా పోతే, బయటి నుంచి తెచ్చి మళ్లీ పెంచారు. నల్లా తెల్లా రెండూ ఉన్నాయి కదా, నాకు చాలనుకున్నాను. ఫారంలో 'అనుభవం' అన్న గడి దగ్గర ఒక్క క్షణం ఆలోచించి, 'పాలు పట్టించడం' అని రాశాను. రెండు వారాలకి రమ్మని జవాబొచ్చింది.

ఆ శనివారం మస్కట్ శివార్లలోని అల్ మవాలేలో మేం ఇల్లు తాళం వేసేసరికి ఇంకా తెల్లవారలేదు. నాలుగు గంటల ప్రయాణం. పులిహోర డబ్బా ఒళ్లో పెట్టుకుని దారంతా నేను మాట్లాడుతూనే ఉన్నాను, మా ఆయన ఊఁ కొడుతూనే ఉన్నారు. గేటు దగ్గర నాకు ఆకుపచ్చ చొక్కా ఒకటిచ్చారు, రెండు సైజులు పెద్దది. అది తొడుక్కుని నాలుగు ఫోటోలు తీయించుకున్నాను. నా మొదటి నర్సు యూనిఫాం రోజు కూడా అంత సంబరపడలేదు.

పొద్దున పని పేడ ఎత్తడం, గడ్డి మోపులు విప్పి పరచడం, నీళ్ల తొట్లు కడగడం. కంచె అవతల ఒరిక్స్‌లు వరసగా నిలబడి నన్ను చూశాయి. నేను మోపు విప్పుతుంటే ఒక పెద్దది దగ్గరికొచ్చి నా చెయ్యి పక్కనే మూతి పెట్టి నమలడం మొదలుపెట్టింది. దాని ఊపిరి వెచ్చగా నా మణికట్టుకి తగిలింది. ఆ క్షణాన పాండాలు నాకు గుర్తుకు రాలేదు.

తొమ్మిదిన్నరకి పెద్ద కాపరి నన్ను పిలిపించాడు. డెబ్భైకి దగ్గరపడిన ఒమనీ ముసలాయన. వయసులో ఉండగా బొంబాయి వెళ్లే ఓడల మీద పనిచేసి హిందీ నేర్చుకున్నాడట. ఆయన కింద పనిచేసే బంగ్లాదేశ్ అతను ఆయన్ని చాచా అంటుంటే నేనూ చాచా అనే పిలిచాను. ఆ బంగ్లాదేశ్ అతన్ని అందరూ భాయ్ అంటారు.

"పాలు పట్టించడం వచ్చని రాసింది నువ్వేనా బేటీ" అని అడిగాడు చాచా. నా ముఖంలోకి చూశాడు గానీ ఆ చూపు నా చెవి దగ్గరెక్కడో ఆగింది. రెండు కళ్లలోనూ పొర.

సంగతంతా ఆయనే చెప్పాడు. మూడు వారాల పిల్ల ఒకటుంది. దాని తల్లి చచ్చిపోయింది. మేకపాలు సీసాలో పోసి పడితే చాచా చేతిలోనే తాగుతుంది. భాయ్ పట్టినా, పశువుల డాక్టర్ పట్టినా మూతి తిప్పేస్తుంది. చాచా కళ్లకి మస్కట్‌లో ఆపరేషన్ అని రెండుసార్లు తేదీ ఇచ్చారు. రెండుసార్లూ ఈ పిల్ల కోసమే మానేశాడు. మూడోసారి ఇచ్చిన తేదీ మర్నాడే. ఇంకా ఆలస్యం చేస్తే ఎడమ కన్ను సంగతి చెప్పలేనన్నాడట కళ్ల డాక్టర్.

"నేను వెళితే అది తాగదు. రెండు రోజులు తాగకపోతే బతకదు" అన్నాడు చాచా. "పదింటికోసారి, ఒంటిగంటకోసారి పాలు. ఒంటిగంటకి ఇంకొకరి చేతిలో తాగితే మూడింటికి బండెక్కుతాను. లేకపోతే లేదు."

అంతకంటే మంచి కేసు ఎవరిస్తారు నాకు? గాల్లో తేలిపోతూ వెళ్లాను.

పిల్ల ఉన్న దొడ్డి చిన్నది, పైన రేకుల నీడ. తెల్లటి పిల్లని ఊహించుకున్నాను. లేత గోధుమరంగులో, మేకపిల్లంత ఉంది. కొమ్ములుండాల్సిన చోట రెండు బొడిపెలు. మోకాళ్లు మాత్రం ఒంటికి మించి పెద్దవి. వార్డులో నెల తక్కువ పిల్లల్ని చూసినప్పుడు నాలో ఏది కదులుతుందో అదే కదిలింది. జేబులోంచి శానిటైజర్ తీసి చేతులు రుద్దుకుని, సీసా తీసుకుని, మెడ వంచనివ్వకుండా పాలు ఊపిరితిత్తుల్లోకి పోకుండా ఎలా పట్టుకోవాలో అలా పట్టుకున్నాను. పిల్ల మూతి తిప్పేసింది.

మళ్లీ చేతులు రుద్దుకుని ఇంకో పక్క నుంచి వెళ్లాను. తుమ్మింది. పెదవి మీద చుక్క వేశాను, నాకలేదు. గొంతు నిమిరాను, వెనక్కి నడిచింది. ఇన్నేళ్లలో నేర్చిన విద్యలన్నీ పావుగంటలో ఖర్చయిపోయాయి. మూడు చెరువుల నీళ్లు తాగించింది నన్ను, తను మాత్రం చుక్క తాగలేదు. భాయ్ కూడా జేబులోంచి శానిటైజర్ తీసి రుద్దుకుని ప్రయత్నించాడు. అతన్ని చూసి గోడ దగ్గరికి పోయి నిలబడింది.

అప్పుడు చాచా వచ్చాడు. సబ్బుతో చేతులు కడుక్కుని, భుజం మీది గుడ్డతో తుడుచుకుని కూర్చున్నాడు. పిల్ల పరుగున వచ్చి సీసా అందుకుంది.

"నాకు కనపడేది తక్కువ" అన్నాడు, తల పక్కకి వంచి. "చప్పుడు బట్టి తెలుస్తుంది. ఉత్త చప్పరింపయితే ఆడుతున్నట్టు. గుటక పడితే తాగుతున్నట్టు."

నేను బయటికొచ్చి మా ఆయన పక్కన కూలబడ్డాను. సిగ్గేసింది, కోపమొచ్చింది, అన్నిటికంటే ఎక్కువగా భయమేసింది. ఆ ముసలాయన మాటంటే మాటే. ఒంటిగంటకి పిల్ల తాగకపోతే బండెక్కడు, కన్ను పోతుంది. ఆలోచిస్తూ చేతులు రుద్దుకుంటున్నాను.

"ఎన్నిసార్లు రాస్తావే ఆ మందు" అన్నారు మా ఆయన, కొంచెం అవతలికి జరుగుతూ. "నువ్వు పక్కనుంటే వార్డులో కూర్చున్నట్టుంది."

నా చేతులు ఆగిపోయాయి. ముక్కు దగ్గర పెట్టుకుని చూసుకున్నాను. ఏ వాసనా తెలియలేదు. ఇన్నేళ్లుగా అదే వాసనలో బతికే ముక్కుకి ఏం తెలుస్తుంది? చాచా పక్కన వంగినప్పుడు మాత్రం ఒక వాసన వచ్చింది, లుబాన్ పొగ. ఇక్కడి సాంబ్రాణి. రోజూ ఇంట్లోంచి బయల్దేరే ముందు ఆయన బట్టలకి ఆ పొగ పడతారు, ఇక్కడ చాలా ఇళ్లలో మామూలే.

మా అమ్మాయి పుట్టినప్పుడు అమ్మ ఒమన్ వచ్చింది. కాకినాడ నుంచి సాంబ్రాణి తేవడం మర్చిపోయిందని మా ఆయన్ని సూక్ బజారుకి పంపి లుబాన్ తెప్పించింది. నేను నర్సునని, పసిబిడ్డకి పొగ పనికిరాదని గొడవ పెట్టుకున్నాను. అమ్మ బిడ్డకి పొగ వెయ్యలేదు, తన రెండు చేతులూ పొగ మీద తిప్పుకుని వాటితో బిడ్డనెత్తుకుంది. ఏడుస్తున్న పిల్ల ఊరుకుంది. అమ్మ చేసిందే సరైనదని నేను ఆరోజు ఒప్పుకోలేదు.

పరుగున వెళ్లి చాచాని అడిగాను, ఇక్కడ లుబాన్ ఉందా అని. ఆయన గదిలో మట్టి ధూపం గిన్నె ఉంది. బొగ్గు రాజేశాడు, ఏమీ అడక్కుండా. భాయ్‌కి మాత్రం నచ్చలేదు.

"దీదీ, ప్రతిసారీ చేతులు రుద్దుకోమని డాక్టర్ చెప్పాడు."

"శుభ్రంగా ఉండమన్నాడు. సబ్బూ నీళ్లూ చాలు. నర్సుని, నా మాట నమ్ము" అన్నాను. నమ్మాడో లేదో తెలియదు. మోచేతుల దాకా సబ్బుతో కడుక్కున్నాం ఇద్దరం. శానిటైజర్ సీసా మా ఆయన చేతికిచ్చి, నేనడిగినా ఇవ్వొద్దన్నాను. ఒంటిగంట లోపు నా చెయ్యి ఉత్త జేబులోకి మూడుసార్లు వెళ్లొచ్చింది.

ఒంటిగంటకి పొగ మీద చేతులు తిప్పుకున్నాను, చొక్కా చేతుల్ని కూడా పట్టాను. దొడ్డిలోకి వెళ్లి మోకాళ్ల మీద కూర్చున్నాను. పిల్ల గోడ దగ్గరి నుంచి చూసింది. ఒక అడుగు వేసింది. నా మణికట్టు మీద ముక్కు పెట్టింది, తడిగా, చల్లగా. మోచెయ్యి దాకా వాసన చూసుకుంటూ వెళ్లి, వెనక్కొచ్చి, సీసా అందుకుంది. నా చెయ్యి లాగేసినంత బలంగా పీల్చింది. గుటక పడింది. ఏడుపొచ్చేసింది నాకు. దాచుకోలేదు కూడా.

కానీ ఇల్లలకగానే పండగ కాదు. రేపు నేనుండను, భాయ్ ఉంటాడు. సగం పాలుండగానే సీసా లాగేశాను. పిల్ల తల ఎత్తి నన్ను చూసిన చూపు ఎంత చిరాగ్గా ఉందో చెప్పలేను. భాయ్ గిన్నె ముందు కూర్చుని చేతులు చాపాడు. మా అమ్మ గొంతు నా నోట్లోంచి వచ్చింది, "కళ్లకి తగలకుండా, కిందికి, ఇంకా కిందికి" అని.

భాయ్ చేతిని పిల్ల చాలాసేపు వాసన చూసింది. సీసా అందుకుంది, వదిలేసింది. మళ్లీ అందుకుని ఉత్తినే చప్పరించింది. చాచా తడక అవతల తల వంచుకుని నిలబడి ఉన్నాడు. మా ఆయన కూడా జోకు వెయ్యలేదు. ఆఖరికి గుటక పడింది. ఇంకోటి. సీసాలో పాలు తగ్గడం నేను చూస్తున్నాను. ఆయనకి కనపడదు, వింటున్నాడు. సీసా ఖాళీ అయ్యాక చాచా తడక మీంచి చెయ్యి తీసి, "నా సంచీ తెస్తాను" అన్నాడు.

ఆయన్ని మా కార్లోనే మస్కట్ తెచ్చాం. వెనక సీట్లో కూర్చుని పులిహోర రెండుసార్లు అడిగి తిన్నాడు. దారి పొడుగునా నేను ఒరిక్స్‌ల గురించి ప్రశ్నలడుగుతూనే ఉన్నాను. "ఆయన్ని కాసేపు నిద్రపోనివ్వవే" అన్నారు మా ఆయన. ఆయన నిద్రపోలేదు, నేను ఊరుకోలేదు.

ఆపరేషన్ అయిన మర్నాడు డ్యూటీ దిగి, శానిటైజర్ రాసుకున్న చేతులతోనే నేరుగా ఆయనున్న ఆసుపత్రికి వెళ్లాను. ఎడమ కంటికి కట్టు ఉంది, కుడి కంటికి ఇంకా పొర ఉంది. నేను మంచం పక్కన నిలబడగానే ముఖం గోడవైపు తిప్పుకున్నాడు, అచ్చం ఆ పిల్లలాగే.

"మళ్లీ చుక్కల మందా?" అని అడిగాడు.

"చాచా, నేను. పాలు పట్టించేదాన్ని."

అప్పుడు నవ్వి ఇటు తిరిగాడు. భాయ్ ఆ పొద్దునే వీడియో పంపాడు. ఫోన్ ఆయన ముందు పెట్టబోయి, కట్టు చూసి, చెవి దగ్గర పెట్టాను. ఆయన తల పక్కకి వంచి విన్నాడు. ముందు చప్పరింపు, తర్వాత గుటకలు, ఒకదాని వెంట ఒకటి.

"నా దగ్గర ఇంత ఆత్రంగా తాగేది కాదు" అన్నాడు. సంతోషంగానే అన్నాడు. కొంచెం ఉడుక్కున్నాడు కూడా.

వీడియో అయిపోయింది.

"మళ్లీ పెట్టు" అన్నాడు.