సందులేని దొంతర

పుస్తకాలకు అట్టలు కట్టే ఆయన ఆ వీధివారందరికీ ‘బైండరు’. కాగితాల కట్టను రెండు చెక్కల మధ్య పెట్టి, మర తిప్పి, వెలుగు కూడా చొరనంతగా బిగిస్తే తప్ప ఆయన చేతికి తృప్తి ఉండేది కాదు. తల్లి పోయాక ఆయనను పెంచిన అక్క ఆ ఇంట్లోనే వంట చూసుకునేది. ఆ వీధికి గ్యాసు ఇంకా రాలేదు. కట్టెల పొయ్యే ఆధారం.

ఒక వేసవి చివర కట్టెలవాడు బండెడు కట్టెలు దింపి పోయాడు. అప్పుడే కొట్టినవి, కోసిన చివర్లలో పగుళ్లు కూడా పడలేదు.

“కింద ఇటుకలు పరవరా. గోడకు జానెడు ఎడం వదులు. కప్పితే పైనే కప్పు, పక్కలకు గాలి ఆడనీ” అంది అక్క.

“సందులు వదిలితే దొంతరలా ఉండదక్కా, ముసలాడి పలువరసలా ఉంటుంది.”

“నీ పుస్తకాల్లా వాటిని ఎవరూ చదవర్లేరా, పొయ్యిలో పెడతారు.”

ఆయన వినలేదు. గోడకు ఆనించి, నేల మీదే, పుల్ల దూరనంత బిగువుగా పేర్చాడు. టార్పాలిను నేలదాకా చుట్టి తాడు బిగించాడు. “అట్ట వేసినట్టుందండీ!” అని పక్కింటి దర్జీ మెచ్చుకుంటే పొంగిపోయాడు.

వానలు వచ్చాయి. చుక్క నీరు లోపలికి పోలేదు. కట్టెల్లోని చెమ్మ బయటికీ పోలేదు. ఆవిరై పైకి లేచి, చల్లని టార్పాలినుకు తగిలి, నీరై మళ్లీ కట్టెల మీదే పడింది.

పొయ్యి రాజుకునేది కాదు. అక్క ఊదుగొట్టం పట్టుకుని ఊదేది, దగ్గేది, మళ్లీ ఊదేది.

“కట్టెలు చెమ్మగిల్లాయిరా. ఒక్కసారి విప్పి చూడు.”

“ఆడలేక మద్దెల ఓడందట! ఊదడం చేతకాక నా దొంతరకు వంక పెడతావేం?”

అక్క మళ్లీ ఊదుగొట్టం అందుకుంది. కాగితాలకు పొగ పట్టకుండా ఆయన తన గదికీ వంటింటికీ మధ్య తలుపు మూసుకున్నాడు. దగ్గు తలుపు దాటి వినిపిస్తూనే ఉండేది.

చలికాలంలో డాక్టరు పరీక్షించి, ఊపిరితిత్తులు దెబ్బతిన్నాయనీ, ఇక పొగ దరిదాపుల్లో ఉండకూడదనీ చెప్పాడు. వాళ్ల చిన్నచెల్లెలు వచ్చి, గ్యాసు ఉన్న తన ఇంటికి అక్కను తీసుకుపోయింది. “నిప్పు ఆర్పేశాను, చూసుకో” అని మాత్రం చెప్పి అక్క బండెక్కింది.

ఆ సాయంత్రం ఆయన తాడు విప్పాడు. బూజు వాసన గుప్పుమంది. అడుగు వరుస పట్టుకుంటే పొడిపొడిగా రాలింది. చెదల మట్టిగీతలు గోడ వెంట కిటికీ చట్రం దాకా పాకాయి. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు, అప్పుడు ఇటుకలు పరిచాడు. గోడకు జానెడు ఎడం వదిలి, మిగిలిన కట్టెలు సందులతో పేర్చాడు. పైన మాత్రమే కప్పాడు.

మరుసటి వేసవి దాటాక అక్క చూడవచ్చింది. దొంతరలోంచి రెండు కట్టెలు తీసి ఒకదానితో ఒకటి కొట్టింది. ఖంగుమన్నాయి.

“ఎండాయిరా.”

“ఇక పొగ రాదక్కా. ఉండిపో.”

“ఎంత ఎండినా కాస్త పొగ ఉంటుందిరా. ఆ కాస్తా నాకు పడదు.”

ఆయన పొయ్యి వెలిగించి గిన్నెలో నీళ్లు పెట్టాడు. ఊదకుండానే మంట నిటారుగా లేచింది. అక్క వంటింటి బయటే నిలబడి, ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని చూసింది.

“అక్కా, ఆ రోజు నేనన్న మాట…”

“నీళ్లు మరుగుతున్నాయి, ముందు గిన్నె దించు” అంది.

ఆమె వెళ్లాక ఆయన పనికి కూర్చున్నాడు. మధ్య తలుపు ఇప్పుడెప్పుడూ మూయడు. అటు నుంచి ఏ చప్పుడూ రాదు.