మా ఆయనకు ఏరోఫోబియా వచ్చిన వేసవి

మా ఆయన మామిడిచెట్టు చివరి కొమ్మ దాకా ఎక్కి, ఒక చేత్తో కొమ్మ పట్టుకుని, రెండో చేత్తో ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని కాయ బేరం ఆడటం నేను కళ్ళారా చూశాను. పాములకు భయపడడు, కరెంటుకు భయపడడు, నా నోటికి అసలే భయపడడు. అలాంటి మనిషికి విమానం టికెట్టు చేతిలో పెట్టేసరికి బి.పి. పెరిగింది, మంచం ఎక్కాడు.

టికెట్టు అండమాన్‌కి. ఆయన చెల్లెల్ని, అంటే నా ఆడపడుచును, అక్కడ హార్డువేర్ కొట్టు నడుపుకునే మనవాళ్ళ ఇంట్లోనే ఇచ్చారు. వైశాఖంలో కొత్తింటి గృహప్రవేశం పెట్టుకుంది. మా వైపు గృహప్రవేశమంటే ఆడపిల్లకు పుట్టింటివాళ్ళు బట్టలు పెట్టాలి. ఆ చీర కట్టుకునే ఆమె మొగుడి పక్కన పీటల మీద కూర్చుంటుంది. మా అత్తామామలు ఇద్దరూ పోయారు కాబట్టి పుట్టిల్లంటే ఇప్పుడు మా ఆయన ఒక్కడే. ఆ సంగతే ఫోన్‌లో మెత్తగా చెప్పింది.

"నువ్వొచ్చి బట్టలు పెడితే పీటల మీద కూర్చుంటాను అన్నయ్యా. రాకపోతే మా మరిదీ తోడికోడలూ కూర్చుంటారు. నేను వంటవాళ్ళ దగ్గర ఉంటాను."

ఇందులో బెదిరింపు లేదు. అదే నాకు గుచ్చుకుంది. అన్నాచెల్లెళ్ళ మధ్య ఎన్నో ఏళ్ళుగా ఒక ముల్లు ఉంది. మా మామగారు పోయినప్పుడు ఆమె రాలేదు. విమానం టికెట్లు దొరకలేదని చెప్పి ఓడ ఎక్కి, పెద్దకర్మ కూడా అయిపోయాక వచ్చి దిగింది. తండ్రి ఆఖరి చూపుకు రాని కూతురని ఆయన మనసులో పెట్టేసుకున్నాడు. అప్పటినుంచి వాళ్ళ ఫోన్లలో బాగున్నావా, బాగున్నాను, వర్షాలు పడ్డాయా, ఇంతే. ఇన్నాళ్ళకు ఆమె నోరు తెరిచి రమ్మని అడిగింది. ఇప్పుడు వెళ్ళకపోతే ఇక వర్షాల గురించి కూడా అడగదని నాకు తెలుసు. ఆయనకూ తెలుసు.

"నువ్వు వెళ్ళి పెట్టిరా" అన్నాడు ముందు. వదిన చేతి బట్టలు పుట్టింటి బట్టలు అవుతాయి గానీ పక్కన అన్న ఉండాలి కదా. "కొరియర్‌లో పంపుదాం" అన్నాడు తర్వాత. నేను చూసిన చూపుకు ఆ మాట మళ్ళీ ఎత్తలేదు. ఓడలో పోదామంటే, విశాఖపట్నం నుంచి ఓడ ముహూర్తం దాటాక గానీ లేదు. ఇక చేసేది లేక ఆయన్ని బండి మీద నూజివీడులో డాక్టరు దగ్గరకు తీసుకెళ్ళాను.

డాక్టరు గారు చెయ్యి పట్టి చూసి, నాలుగు ప్రశ్నలు అడిగి నవ్వాడు. "ఏం లేదండీ. విమానం ఎక్కాలంటే భయం, అంతే. దీన్ని ఏరోఫోబియా అంటారు."

మా ఆయన ముందు మాటలన్నీ అక్కడే వదిలేసి, ఆఖరి మాట ఒక్కటే పట్టుకుని బయటికి వచ్చాడు. బండి వెనక కూర్చుని ఇంటికొచ్చేదాకా దాన్ని వల్లెవేశాడు. మొహంలో కళ తిరిగి వచ్చింది. భయమంటే పరువు తక్కువ. జబ్బయితే నలుగురిలో చెప్పుకోవచ్చు. మామిడి కొట్లలో కూర్చునే వాళ్ళలో ఒకరికి షుగరు, ఒకరికి గ్యాసు, ఒకరికి నడుము. సాయంత్రం టీ దగ్గర ఎవరి జబ్బు వాళ్ళు చెప్పుకుంటుంటే ఈయన ఇన్నేళ్ళూ వట్టి ఆరోగ్యంతో బిక్కమొహం వేసుకుని వినేవాడు. ఇప్పుడు ఈయనకూ ఒకటి వచ్చింది, అదీ ఎవరికీ లేనిది.

మర్నాటి నుంచి పరామర్శలు మొదలయ్యాయి. మా దగ్గర జబ్బు మనిషిని చూడటానికి ఎవరూ చేతులూపుకుంటూ రారు. తోట నిండా చిన్న రసాలు పండి ఉంటే మా ఇంట్లోకి బ్రెడ్డు ప్యాకెట్లు, బత్తాయిలు, కొబ్బరి బోండాలు వచ్చి పడ్డాయి. మా ఆయన పడక్కుర్చీలో దుప్పటి కప్పుకుని కూర్చున్నాడు. బయట మండుటెండ.

"ఎప్పట్నుంచండీ?" అని అడిగాడు ఎదురు కొట్టు వ్యాపారి.

"టికెట్టు వేసిన కాణ్ణించి."

"నొప్పేమన్నా ఉంటుందా?"

"పైన మోత వినపడ్డప్పుడు ఉంటుంది" అన్నాడీయన, ఎంతో ఓర్చుకుంటున్నట్టు. గన్నవరంలో దిగే విమానాలు ఒక్కోసారి మా తోట మీదుగా వెళతాయి.

"వేడి చేసుంటుంది. వంకాయ మానెయ్యండి" అన్నాడు వ్యాపారి.

"గోంగూర కూడా" అంది ఆ వ్యాపారి భార్య.

మా ఆయన బుద్ధిగా తలూపాడు. నాకు గుత్తి వంకాయంటే ప్రాణం. ఈయనకు విమానమంటే భయమైతే నా వంకాయ ఎందుకు పోవాలో ఎవరూ చెప్పలేదు. ఇంట్లో రోగి ఉండగా అడిగితే బాగుండదని నేనూ ఊరుకున్నాను. సొరకాయ తిని తిని నాకు నిజంగానే నీరసం వచ్చింది.

కొద్ది రోజుల్లోనే ఆ మాట ఊళ్ళోకి దిగింది. మొదట్లో ఏరోఫోబియా ఉందట అనేవాళ్ళు, షుగరు ఉన్నట్టు. తర్వాత తగిలిందట అన్నారు, వడదెబ్బ తగిలినట్టు. పట్టిందట అన్న రోజున ఒకావిడ తాయెత్తు కూడా తెచ్చింది. ఆ తర్వాత దాన్ని ఎవరికి వీలైనట్టు వాళ్ళు వాడుకోవడం మొదలుపెట్టారు. మైలవరంలో అత్తారింటికి వెళ్ళడం ఇష్టంలేని ఒక అల్లుడు తనకు ఏరోఫోబియా అని కబురు పెట్టాడు. మైలవరానికి బస్సులో వెళతారు కదా అని మామగారు కూడా అడగలేదట, అల్లుడి ఆరోగ్యం ముఖ్యమన్నాడట. గాలికి కాయ రాలిపోతే, తయారు కాకుండానే రాలిన వాటిని చూపించి ఒక రైతు "చెట్టుకి ఏరోఫోబియా అండీ" అన్నాడు. మా తోటలో కాయ కోసే మనిషి ఒక రోజు చెట్టు కింద చిక్కం కర్ర పక్కన పెట్టి దర్జాగా పడుకున్నాడు. ఏమిటని అడిగితే "మీకున్నదేనండీ" అన్నాడు. మా ఆయన అతని దగ్గర కూర్చుని, వంకాయ మానెయ్యమని చెప్పి వచ్చాడు.

ఇంతలో మా పై వాటాలో అద్దెకుండే లెక్చరరు అమ్మాయి మంచి చేద్దామని ఫోన్‌లో వెతికి, వరండాలోకి వచ్చి చదివింది. "దీనికి ఇంకో అర్థం కూడా ఉంది ఆంటీ. పిచ్చికుక్క కరిచినవాళ్ళకి మొహానికి గాలి తగిలినా భయమేస్తుందట. దాన్ని కూడా ఏరోఫోబియా అనే అంటారట."

అప్పుడు వరండాలో పరామర్శకు వచ్చినవాళ్ళు ఇద్దరున్నారు. టీ సగంలోనే వదిలి లేచారు.

ఆ సాయంత్రం నుంచి వచ్చినవాళ్ళు గేటు బయటే నిలబడి పలకరించారు. ధైర్యం చేసి లోపలికి వచ్చిన ఒక పెద్దమనిషి ముందుగా ఫ్యాన్ కట్టేశాడు, రోగికి గాలి పడదని. ఆ ఎండల్లో దుప్పటి కింద ఫ్యాన్ లేకుండా మా ఆయనకు చెమటలు ధారలు కట్టాయి. "చూశారా, ముదిరింది" అన్నాడు ఆ పెద్దమనిషి. తోటలో మా కుక్కను పనివాళ్ళు గొలుసుతో కట్టేశారు. అది ఏనాడూ ఎవరినీ కరవలేదు. దొంగలొచ్చినా తోక ఊపుతుందని దాని మీద మాకు ఫిర్యాదు. నేను వెళ్ళి గొలుసు విప్పి, "కుక్క లేదు, కాటు లేదు, ఈయనకి విమానమంటే భయం" అని కనపడ్డ వాళ్ళందరికీ చెప్పాను. నా మాట చాలామంది నమ్మలేదు. కట్టుకున్న పెళ్ళాం అంతేగా చెప్పేది అన్నారు.

నమ్మిన ఒకరిద్దరు వ్యాపారులు వైద్యానికి పూనుకున్నారు. అలవాటు చేస్తే పోతుందని వాళ్ళ లెక్క. ఖాళీ కాయల లారీలో రెండు ప్లాస్టిక్ కుర్చీలు వేశారు. ఒక దాంట్లో మా ఆయన్ని కూర్చోబెట్టి, నడుముకు తువ్వాలు బిగించి కుర్చీకి కట్టారు. కొట్టు గుమాస్తా ట్రేలో మంచినీళ్ళు పట్టుకుని వంగి "సార్, వాటర్" అన్నాడు. లారీ హనుమాన్ జంక్షన్ వైపు దూసుకెళ్ళింది. నేను వెనకాల కారులో ఉన్నాను. గతుకుల్లో గుమాస్తా పడ్డాడు, నీళ్ళు పడ్డాయి, మా ఆయన మాత్రం కాసేపటికి హాయిగా నిద్రపోయాడు. జంక్షన్‌లో లారీ ఆపి నయమైందని అందరూ చేతులు కలిపారు. సరిగ్గా అప్పుడే ఒక విమానం కిందికి దిగుతూ పైనుంచి వెళ్ళింది. చూస్తే మనిషి లేడు. కుర్చీతో సహా లారీలోని టార్పాలిన్ కిందికి దూరిపోయాడు. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. టార్పాలిన్ ఎత్తి చూశాక నవ్వు ఆగిపోయింది. రెండు చేతులూ తల మీద పెట్టుకుని ముడుచుకుని ఉన్నాడు, పెదాలు తెల్లబడ్డాయి. జబ్బు నాటకం కావచ్చు, భయం నాటకం కాదు. ఇన్నేళ్ళ కాపురంలో ఈ మనిషిని నేను ఇలా చూడలేదు. జాలేసింది. టికెట్లు రద్దు చేయిస్తానని ఇంటికొచ్చాక నేనే అన్నాను.

టికెట్లు రద్దు చేయించాలని ఫోన్ తీశాను. అప్పుడే ఆడపడుచు నుంచి ఫోన్ వచ్చింది. ఏడుస్తోంది.

"వదినా, అన్నయ్యని పిచ్చికుక్క కరిచిందటగా. మాకెవరూ చెప్పలేదేంటి?"

కబురు సముద్రం దాటిందన్నమాట. నేను నోరు తెరిచే లోపు ఆయన ఫోన్ లాక్కున్నాడు. స్పీకరు ఆన్‌లో ఉంది.

"కుక్క కాదమ్మా. ఏరోఫోబియా."

"అంటే ఏంటన్నయ్యా?"

ఆయన నా వైపు చూశాడు. ఊరంతా చెప్పుకున్న మాటే, చెల్లెలికి అర్థం చెప్పాల్సి వచ్చేసరికి ఒక్కో మాటా వెతుక్కున్నాడు.

"విమానం ఎక్కాలంటే కాళ్ళు రావు. ఊపిరాడదు. గుండె ఆగిపోతుందేమో అనిపిస్తుంది. డాక్టరు గారు పేరు చెప్పాడు."

అవతల ఏడుపు ఆగింది.

"దానికి పేరుందా అన్నయ్యా?" అంది.

"ఉందమ్మా."

"నాన్న పోయినప్పుడు టికెట్టు దొరికింది." అందామె. "మీ బావగారు తీసుకెళ్ళి ఎయిర్‌పోర్టులో దించారు. విమానం మెట్ల దాకా వెళ్ళాను. ఒక కాలు మెట్టు మీద పెట్టాను. రెండో కాలు రాలేదు. వెనక జనం తోస్తున్నారు. అక్కడే కూలబడితే వాళ్ళే బయటికి తెచ్చారు. నాన్న అక్కడ పడుకుని ఉంటే భయమేసి ఆగిపోయానని ఎట్లా చెప్పను? టికెట్టు దొరకలేదన్నాను."

ఆమె ఎప్పుడొచ్చినా ఓడలోనే వచ్చేది, మూడు రోజులు వాంతులు చేసుకుంటూ. ఖర్చుకు వెనకాడుతుందని నేను వెనకాల ఎన్నోసార్లు ఆడిపోసుకున్నాను. నాకు చాలా సిగ్గేసింది.

"నువ్వు రావద్దులే అన్నయ్యా. ఆ బాధ నాకు తెలుసు. బట్టలు పంపించు చాలు, కట్టుకుని కూర్చుంటాను" అంది.

ఫోన్ పెట్టేశాక ఆయన మొహం కడుక్కుని వచ్చాడు. బీరువాలోంచి చీర, పంచెలచాపు తీసి సంచిలో పెట్టాడు. "టికెట్లు ఉండనీ" అన్నాడు.

గన్నవరం దాకా సాగనంపడానికి రెండు కార్ల నిండా జనం వచ్చారు. ఎవరో బత్తాయిలు కూడా తెచ్చారు. ఎవరైనా ఆ జబ్బు పేరెత్తి ధైర్యం చెబితే ఆయన తల కూడా ఊపలేదు. విమానంలో నా చెయ్యి పట్టుకుని కళ్ళు మూసుకున్నాడు. చొక్కా మొత్తం తడిసిపోయింది. నోట్లో ఏదో అనుకుంటున్నాడు, దేవుడి పేరు కాదు, వాళ్ళ నాన్నను పిలుస్తున్నాడు. చెన్నైలో దిగి ఇంకో విమానం మారాలి. తలుపు బయటే రోడ్డు, రోడ్డు మీద కార్లు. అక్కణ్ణుంచి ఆయన ఇంటికి వెళ్ళిపోదామంటే నేను ఒక్క మాట కూడా అనేదాన్ని కాదు. ఒక మూల కూర్చుని డోకుకుని, నోరు పుక్కిలించి, సంచి భుజాన వేసుకుని రెండో విమానం వైపు నా కన్నా ముందు నడిచాడు.

అండమాన్‌లో ఎయిర్‌పోర్టు బయటికి వచ్చి చూస్తే గుమ్మం దగ్గర ఆడపడుచు లేదు. వాళ్ళాయన ఒక్కరే ఉన్నారు. ఆమె కార్లు ఆపే చోట, దూరంగా, విమానాలకు వీపు తిప్పి నిలబడి ఉంది. మోత వినిపించినప్పుడల్లా భుజాలు ముడుచుకుంటున్నాయి. ఈయన తడబడుతూ వెళ్ళి ఎదురుగా నిలబడ్డాడు. ఆమె అన్న మొహం చూసింది, చొక్కా చూసింది.

"ఎలా ఎక్కావన్నయ్యా?"

"భయపడుతూనే ఎక్కానమ్మా" అన్నాడు. "నీకు నేను తోడుంటే ఆ రోజు నువ్వూ ఎక్కేదానివి."