గయ్యాళి అత్త ఎన్నికల్లో నిలబడింది

సూర్యకుమారి ఇరవై ఎనిమిదేళ్ళకే తెరమీద ముసలి అత్త అయింది. మద్రాసులో ఆ వేషం వెయ్యాల్సిన నటికి జబ్బు చేసింది. గుంపులో చెలికత్తెగా నిలబడ్డ సూర్యకుమారి ముందుకొచ్చి "నేను వేస్తానండి" అంది. జుట్టుకి తెల్లరంగు పూశారు. అట్లకాడతో కోడలి చేతిమీద వాత పెడుతూ ఆమె చూసిన చూపుకి హాల్లో ఆడవాళ్ళు శాపనార్థాలు పెట్టారు.

ఆ తర్వాత పాతికేళ్ళూ అందరూ ఆ చూపే అడిగారు. హీరోయిన్లు మారిపోయారు, ఆమె మాత్రం అత్తగానో సవతితల్లిగానో ఉండిపోయింది. మంచి తల్లి వేషం ఒక్కటివ్వమని నిర్మాతల చుట్టూ తిరిగింది. "మీరు నవ్వితే జనం నమ్మరమ్మా" అన్నారు. అయినా ఏ వేషమిచ్చినా డైలాగు కంఠతా పట్టి, అందరికంటే ముందే సెట్టులో ఉండేది.

వేషాలు తగ్గాక రాజోలు దగ్గరున్న సొంతూరికి వచ్చేసింది. ఊళ్ళో నూతులన్నీ ఉప్పెక్కుతున్నాయి. కుళాయి లైను పెద్దవీధి దాకా వచ్చి, క్రైస్తవుల పేటకి వెళ్ళకుండా ఆగిపోయింది. పేటలో ఉండే ఎలీసమ్మ రోజూ బిందె మోసుకుంటూ సూర్యకుమారి గుమ్మం ముందునుంచే వెళ్ళేది.

1995లో ఊరి సర్పంచి పదవి ఆడవాళ్ళకి రిజర్వయింది. పెద్ద రైతు బంగారరాజు తన భార్య వెంకటలక్ష్మి చేత నామినేషను వేయించాడు. సూర్యకుమారి కూడా వేసింది.

ప్రచారం జోరుమీదుండగా ఒక సాయంత్రం బంగారరాజు వీధిలో టీవీ పెట్టించి ఆ పాత సినిమా వేయించాడు. సూర్యకుమారి వెళ్ళి ముందు వరసలోనే కూర్చుంది. వాత పెట్టే సీను రాగానే తలలన్నీ ఆమెవైపు తిరిగాయి.

"ఎంత పాపిష్టిదో చూడండి!" అంది ఒకామె.

సూర్యకుమారి లేచి నిలబడింది. "ఆయ్, పాపిష్టిదేనండి. ఆవిడ మాటలు ఎవరో రాసిచ్చేరు. ఇప్పుడు నా మాట వినండి. పేటకి మంచినీళ్ళు తెస్తాను."

సూర్యకుమారి ఓడిపోయింది, వెంకటలక్ష్మి సర్పంచి అయింది. ఎలీసమ్మ ఏడుస్తూ వచ్చింది. "మా గురించి మాట్లాడి ఓడిపోయేరండి."

"ఏడుపు తరవాత, ఎలీసమ్మా. రేపు మండలాఫీసుకి వెళ్ళాలి. నలుగుర్ని తీసుకురా."

అలా ఏళ్ళ తరబడి తిరిగారు. ఆఫీసులో గుర్తుపట్టి కుర్చీ వేసేవారు, టీ తెప్పించేవారు. "టీ వద్దు బాబూ, లైను ఎప్పుడేస్తారో చెప్పండి" అనేది. మొదట్లో పేటవాళ్ళే వెంట వచ్చేవారు. పెద్దవీధి కుళాయి కూడా రోజువిడిచి రోజు రావడం మొదలయ్యాక అక్కడి ఆడవాళ్ళూ బస్సెక్కారు.

2001లో పదవి అందరికీ తెరిచారు. ఈసారి బంగారరాజే నిలబడ్డాడు. సూర్యకుమారి మళ్ళీ నామినేషను వేసింది. ఒక మధ్యాహ్నం వెంకటలక్ష్మి పెరటిదారిన ఆమె ఇంటికి వచ్చింది.

"ఇన్నేళ్ళూ సంతకాలు పెట్టేనండి. ఒక్క మాటా మాట్లాడనివ్వలేదు. మీరు మాట్లాడండి. నా ఓటు మీకే."

సూర్యకుమారి ఆమె చెయ్యి పట్టుకుంది.

ఈసారి గెలిచింది. మరుసటి వేసవికి పేటలో గొట్టాలు పడ్డాయి. కుళాయి విప్పే రోజున అధికారులు ఆమెని పిలిస్తే, ఎలీసమ్మని ముందుకి తోసింది. నీళ్ళు ధారగా పడుతుంటే పిల్లలు కింద తలలు పెట్టి తడిసిపోయారు. అందరూ సూర్యకుమారిని మాట్లాడమన్నారు.

"హైస్కూలుకెళ్ళే ఆడపిల్లలు పడవ రేవుదాకా బురదలో నడుస్తున్నారండి. సోమవారం రోడ్డు సంగతి అడగడానికి వెళ్తున్నాను. ఎవరెవరొస్తారు?" అంది.